గ్రీకు శిథిలాల్లో చిన్న గుంపు టూరు: ఏడేళ్లలో నాలుగుసార్లు వెళ్లాక

2018 సెప్టెంబరులో మొదటిసారి ఏథెన్స్‌లోని అక్రోపోలిస్ కొండ ఎక్కినప్పుడు నా వెంట గైడు లేరు. ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని, ఫోన్లో ఆడియో వింటూ జనం వెనకాలే నడిచాను. పార్థెనాన్ ముందు ఫోటోలు దిగి గంటన్నరలో కిందికి వచ్చేశాను. చిన్నప్పుడు సాంఘిక శాస్త్రం పుస్తకంలో చూసిన గుడి అది. తీరా ఎదురుగా నిలబడ్డాక ఏం చూడాలో నాకు తెలియలేదు. ఆ బాధ నేనుండే మ్యూనిక్‌కి తిరిగొచ్చాక కూడా పోలేదు.

అందుకే మరుసటి ఏడాది చిన్న గుంపు టూరు తీసుకున్నాను. అప్పటి నుంచి మూడుసార్లు ఒకే ఏథెన్స్ కంపెనీతో వెళ్లాను. 2019లో ఒక్కడినే ఒక పూట అక్రోపోలిస్‌కీ మ్యూజియానికీ. 2022లో నేనూ మా ఆవిడా నాలుగు రోజులు, మైసీనే, ఎపిడారస్, ఒలింపియా, డెల్ఫీ. 2025 మేలో ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నలతో మూడు రోజులు. ఈ సమీక్ష ఆ మూడు టూర్ల గురించి. మంచీ ఉంది, కోపం తెప్పించినవీ ఉన్నాయి.

2019లో మేం ఎనిమిది మందిమి. గ్రీసులో ఇలాంటి చోట్ల గైడుగా పని చేయాలంటే ప్రభుత్వ లైసెన్సు ఉండాలి. ఆ రోజు వచ్చినావిడకి యాభై దాటి ఉంటాయి. తేదీలు చెప్పే ముందు ఆవిడ మాకు చూడడం నేర్పించారు. పార్థెనాన్ పొడుగు వైపు నిలబెట్టి, తాడు కట్టిన చోట వంగి, ఒక కన్ను మూసుకుని మెట్ల అంచు వెంట చూడమన్నారు. ఒకరి తర్వాత ఒకరం వంగి చూశాం. అంచు తిన్నగా లేదు! దాదాపు 70 మీటర్ల పొడుగులో, చివర్ల కంటే మధ్య భాగం సుమారు 11 సెంటీమీటర్లు ఎత్తుగా ఉంది. స్తంభాలు కూడా నిలువుగా లేవు, కొంచెం లోపలికి వాలి ఉన్నాయి. పైకి పోయే కొద్దీ సన్నబడే ఆ స్తంభానికి నడుం దగ్గర లేత ఉబ్బు. తిన్నని గీత అంటూ లేని కట్టడం కంటికి ఇంత తిన్నగా ఎలా కనిపిస్తోందో అప్పుడు అర్థమైంది. ఏడాది కిందట అదే చోట నిలబడి నేను సెల్ఫీ తీసుకున్నాను.

మరమ్మతుల కథ కూడా అక్కడే నిలబెట్టి చెప్పారు. క్రీ.పూ. 447లో మొదలుపెట్టి 432 నాటికి పూర్తి చేసిన గుడి. తర్వాత చర్చి అయింది, మసీదు అయింది. 1687లో తుర్కులు లోపల మందుగుండు దాచారు, వెనిస్ సైన్యం పేల్చిన గుండు దాని మీదే పడింది. పైకప్పు ఎగిరిపోయింది, మధ్య స్తంభాలు కూలాయి. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో రాళ్లు ఎత్తి నిలబెట్టినవాళ్లు ఇనుప బందులు వేశారు. అవి తుప్పు పట్టి ఉబ్బి పాలరాయిని చీల్చాయి. 1975 నుంచి నడుస్తున్న పనిలో ఆ ఇనుము తీసి టైటానియం పెడుతున్నారు. తేనె రంగు రాళ్ల మధ్య అక్కడక్కడా తెల్లగా మెరిసే ముక్కలు ఈ కాలంలో చెక్కి అతికినవి, అవి కూడా పెంటెలీ కొండ నుంచి తెచ్చిన పాలరాయే. ఇది విన్నాక ఏ స్తంభం చూసినా కళ్లు పాతా కొత్తా వెతుక్కుంటాయి.

మేం అలా వంగి చూస్తుండగా పక్కన నలభై మందికి పైగా ఉన్న బస్సు గుంపు ఒకటి వచ్చింది. వాళ్ల గైడు జెండా ఎత్తి పట్టుకుని మాట్లాడుతున్నారు. చివరి మనిషి వచ్చి చేరేసరికి మాట అయిపోయింది, జెండా కదిలిపోయింది. ఎనిమిది మందికీ నలభై మందికీ తేడా సౌకర్యంలో మాత్రమే ఉంటుందని అంతవరకూ అనుకున్నాను. కానీ వంగి చూసే వంతు ప్రతి ఒక్కరికీ రావాలంటే గుంపు చిన్నదిగా ఉండాల్సిందే.

2022లో వెళ్లిన నాలుగు రోజుల టూరులో నాకు ఇప్పటికీ కళ్లకు కట్టినట్టు ఉండేది మైసీనే. చిన్న వ్యాన్ కాబట్టి నాఫ్లియో అనే ఊళ్లో పొద్దున్నే బయల్దేరి, గేటు తీసే వేళకు చేరిపోయాం. ఏథెన్స్ బస్సులు రావడానికి ఇంకా చాలా టైం ఉంది. ఆట్రియస్ ఖజానా అని పిలిచే రాతి సమాధిలోకి గైడు ముందు మమ్మల్ని ఒంటరిగా పంపారు. "ఐదు నిమిషాలు ఏం మాట్లాడకండి, తర్వాత నేనొస్తాను" అన్నారు. లోపల చీకటి, చల్లదనం, తేనెపట్టు ఆకారంలో 13 మీటర్ల పైచిలుకు ఎత్తున ముగిసే రాతి వరుసలు. సున్నం లేదు. ఒక్కో వరుస కింది దాని కంటే కొంచెం లోపలికి జరిపి పేర్చుకుంటూ పోయారు. ద్వారం మీద అడ్డంగా వేసిన లోపలి రాయి బరువు సుమారు 120 టన్నులు. దాని పైన మూడు కోణాల ఖాళీ వదిలారు, పైనున్న బరువంతా ఆ రాయి మీద పడకుండా పక్క గోడల్లోకి దిగిపోవడానికి. కాసేపటి తర్వాత మైసీనే కోట సింహద్వారం దగ్గరికి వెళితే అదే కిటుకు మళ్లీ కనిపించింది. ఆ మూడు కోణాల ఖాళీని మూసిన పలక మీదే రెండు సింహాలూ నిలబడి ఉన్నాయి. గైడు చెప్పకముందే మా ఆవిడ ఆ మాట అనేసింది. గైడు మొహం వెలిగిపోయింది.

అదే టూరులో ఒలింపియా నన్ను నిరాశపరిచింది, తప్పు ఒలింపియాది కాదు. దారిలో ఒక పింగాణీ బొమ్మల దుకాణం దగ్గర 50 నిమిషాలు ఆపారు. బలవంతంగా ఎవరూ కొనిపించలేదు, కానీ ఆ 50 నిమిషాలూ మ్యూజియంలోంచి కోశారు. గ్రీకు దేవుడు జ్యూస్ గుడి ముఖభాగం శిల్పాలు, శిల్పి ప్రాక్సిటెలీస్ పేరు మీద చెప్పే హెర్మీస్ విగ్రహం, "నేను ఫీడియాస్‌ది" అని ఇంకో శిల్పి పేరు అడుగున రాసిన చిన్న మట్టి పాత్ర ఉన్న మ్యూజియానికి మాకు మిగిలింది 40 నిమిషాలు. బయట శిథిలాల్లో మాత్రం కొంచెం నిదానంగా తిప్పారు. భూకంపానికి పడిపోయిన జ్యూస్ గుడి స్తంభాల ముక్కలు నేల మీద వరసగా, కోసిన ముల్లంగి చక్రాల్లా పడి ఉంటాయి. స్టేడియంలోకి వెళ్లే దారి పక్కన ఉత్త పీఠాలు కొన్ని ఉన్నాయి. పోటీల్లో మోసం చేసిన ఆటగాళ్ల దగ్గర వసూలు చేసిన జరిమానాతో వాటి మీద జ్యూస్ కంచు విగ్రహాలు నిలబెట్టేవారట. పరుగు పందెం మొదలయ్యే రాతి గీత మీద కాళ్లు ఆనించి నిలబడ్డాను. అవతలి గీత 192 మీటర్ల దూరంలో. బుక్ చేసేటప్పుడు "దారిలో దుకాణాల దగ్గర ఆగుతారా, ఎంతసేపు" అని రాతపూర్వకంగా అడగండి. నేను అడగలేదు.

2025కి వద్దాం. అమ్మకి 66, నాన్నకి 71. నాన్నకి మోకాళ్ల నొప్పి. అక్రోపోలిస్ మీద 2018తో పోలిస్తే పెద్ద మార్పు దారులే. అప్పుడు ఎక్కడ చూసినా నునుపు తేలిన రాయి, నడవాలంటే భయం. ఇప్పుడు పైన కాంక్రీటు బాటలు వేశారు. చూడ్డానికి బాగోలేదని విమర్శలు వచ్చాయి గానీ, నాన్న చెయ్యి పట్టుకుని నడిపించిన నాకు ఆ బాట మీద గౌరవమే ఉంది. నడవలేనివాళ్ల కోసం ఉత్తరం వైపు లిఫ్టు ఉంది. ఆ సంగతి కంపెనీకి ముందే రాసి పెట్టాను కాబట్టి ఇబ్బంది లేకుండా పైకి చేరారు.

కానీ అదే రోజు అసలు చిరాకు. పన్నెండు మందికి మించరని చెప్పి డబ్బు కట్టించుకున్నారు. తీరా గేటు దగ్గర, ఇంకో గైడుకి ఒంట్లో బాగోలేదని రెండు గుంపులు కలిపేశారు. మొత్తం 19 మందిమి. చెవిలో పెట్టుకునే చిన్న రేడియోలు ఇచ్చారు. నాన్నకి ఒక చెవి సరిగా వినపడదు, ఆ రేడియోలో గరగర తప్ప ఏమీ వినపడలేదు. ఫిర్యాదు రాస్తే రెండు వారాలకు జవాబొచ్చింది, వచ్చేసారికి పది శాతం తగ్గిస్తామని. అమ్మానాన్నలు మళ్లీ ఎప్పుడు వస్తారని ఆ వచ్చేసారి? ఇది నాకు ఇప్పటికీ కష్టంగానే ఉంది.

ఆ పూట మొత్తాన్ని నిలబెట్టింది మ్యూజియం. కొండ కింద 2009లో తెరిచిన అక్రోపోలిస్ మ్యూజియం పై అంతస్తులో, పార్థెనాన్ చుట్టూ ఉండే ఊరేగింపు శిల్పాలను గుడి కొలతలకే, గుడి ఉన్న దిక్కుకే తిప్పి అమర్చారు. అద్దాల్లోంచి కొండ మీద అసలు గుడి కనిపిస్తుంది. వరసలో కొన్ని పలకలు తేనె రంగులో ఉంటాయి, అసలువి. వాటి పక్కనే సుద్దలా తెల్లగా ఉన్నవి అచ్చు పోసిన నకళ్లు. పంతొమ్మిదో శతాబ్దం మొదట్లో బ్రిటిష్ రాయబారి లార్డ్ ఎల్గిన్ మనుషులు ఊడదీసి తీసుకెళ్లిన అసలు పలకలు లండన్‌లో బ్రిటిష్ మ్యూజియంలో ఉన్నాయి. ఒక్కోచోట ఒకే గుర్రం తల ఇక్కడ, ఒళ్లు అక్కడ అన్నట్టుంది.

మాది అమరావతికి దగ్గర పల్లెటూరు. నాన్న ఆ తెల్ల పలకల ముందు చాలాసేపు నిలబడ్డారు. తర్వాత నాతో "మన స్తూపం పలకలు కూడా ఆ మ్యూజియంలోనే ఉన్నాయని చెప్పరా ఆ గైడుకి" అన్నారు. చెప్పాను. 1845లో బ్రిటిష్ అధికారి వాల్టర్ ఎలియట్ తవ్వించిన పలకలు లండన్ ఎలా చేరాయో, మిగిలినవి చెన్నై మ్యూజియంలో ఉంటే ఊళ్లో స్తూపం దిబ్బ ఎలా మిగిలిందో, నాన్న తెలుగులో చెబుతుంటే నేను ఇంగ్లీషులో అందించాను. గైడు చిన్న నోట్‌బుక్ తీసి "అమరావతి" అని గ్రీకు అక్షరాల్లో రాసుకున్నారు. రెండు చోట్ల నుంచి వెళ్లిన రాళ్లూ ఒకే కప్పు కింద ఉన్నాయని తనకి అంతవరకూ తెలియదన్నారు. గుంపు మొత్తం చుట్టూ చేరి విన్నది. రేడియోల పని అక్కడ పడలేదు, నాన్న గొంతు పెద్దది.

ఆ గొంతు పని మర్నాడు ఎపిడారస్‌లో తెలిసింది. క్రీ.పూ. నాలుగో శతాబ్దపు నాటకశాల, 55 వరుసల రాతి మెట్లు. మధ్యలో నాణెం వేస్తే పై వరుసకి వినపడుతుందని ప్రతి గైడూ చెబుతారు. 2022లో నేను చివరి మెట్టు దాకా ఎక్కి పరీక్షించాను. చప్పట్లు స్పష్టంగా వినిపించాయి, మామూలు మాట అర్థమైంది, గుసగుస మాత్రం నా చెవికి అందలేదు. ఈసారి పైన నేనూ అమ్మా. కింద వృత్తం మధ్య నాన్న. కుర్రతనంలో ఊళ్లో పౌరాణిక నాటకాల్లో వేషాలు కట్టిన మనిషి. ఒక పద్యం అందుకున్నారు. మైకు లేకుండా, చివరి రాగం దాకా, ఒక్క అక్షరం చెదరకుండా పైకి వచ్చింది. అమ్మ లేచి నిలబడి "ఏమండీ, వినపడుతోంది" అంది, మామూలు గొంతుతోనే. ఆయన తలెత్తి చూసి చెయ్యి ఊపారు.

డెల్ఫీలో అమ్మకి నచ్చింది అపోలో గుడి కింద గోడ. వంకర టింకర రాళ్లను ఒకదాంట్లో ఒకటి ఇమిడేలా చెక్కి కట్టిన ఆ గోడ నిండా సన్నటి అక్షరాలున్నాయి. బానిసలకు స్వేచ్ఛ ఇచ్చిన పత్రాలవి, వందల కొద్దీ. యజమాని బానిసను దేవుడికి అమ్మినట్టు రాసి విడిచిపెట్టేవారట. ఆడియోలో అయితే ఆ గోడ పక్కనుంచే నడిచి వెళ్లిపోయేవాళ్లం. మ్యూజియంలో కంచు రథసారథి విగ్రహం రెప్ప వెంట్రుకలు ఇప్పటికీ చెక్కుచెదరలేదు, దగ్గరికి వెళ్లి చూడండి.

తిండి సంగతి చెప్పాలి, మనవాళ్లు అడిగేది అదే. అమ్మ మాంసం, గుడ్డు ముట్టదు. గ్రీసులో "నిస్తీసిమో" అనే మాట నేర్చుకోండి. వాళ్ల ఉపవాస రోజుల భోజనం అని అర్థం, మాంసం, పాలు, గుడ్లు ఉండవు. ఒక్కోసారి రొయ్యలు, స్క్విడ్ మాత్రం ఉంటాయి, అది అడిగి తేల్చుకోవాలి. టమాటా రసంలో ఉడికించిన పెద్ద చిక్కుడు గింజలు, బియ్యం కూరిన టమాటాలు, ఆలివ్ నూనె నిమ్మరసం పోసిన ఆకుకూర. అమ్మ తెచ్చుకున్న గోంగూర పచ్చడి మూడు రోజుల్లో ఒక్కసారే తీసింది.

వేసవిలో మాత్రం పెద్దవాళ్లను తీసుకెళ్లకండి. 2023, 2024 ఎండాకాలాల్లో వడగాలులకు అక్రోపోలిస్‌ను కొన్ని రోజులు మధ్యాహ్నాలు మూసేశారు. నీడ దాదాపు లేదు. ఇప్పుడు టికెట్టుకు టైం స్లాటు ఉంటుంది, ధర కూడా 2025 ఏప్రిల్ నుంచి 30 యూరోలు అయింది. టూరు డబ్బులో అది కలిసి ఉందో లేదో చూసుకోండి, మాకు కలపలేదు. అడుగున పట్టు ఉన్న బూట్లు వేసుకోండి, పాత రాయి మీద చెప్పులు జారతాయి.

వచ్చే ఏప్రిల్‌లో నేనూ మా ఆవిడా ఉత్తరాన వెర్జీనాకు వెళుతున్నాం, 1977లో మనోలిస్ ఆండ్రోనికోస్ బయటపెట్టిన మాసిడోనియా రాజుల సమాధులు చూడ్డానికి. ఈసారి కంపెనీ లేదు. మ్యూనిక్‌లో ఉండే ఇంకో ఇద్దరు స్నేహితులను కలుపుకుని, లైసెన్సున్న గైడుతో నేరుగా మాట్లాడుకున్నాం. మొత్తం నలుగురం. దుకాణాల దగ్గర ఆగొద్దని మొదటి మెయిల్లోనే రాశాను.