టానిక్ కామెడీల్లో ముందు ఏది చూడాలి: లిండరా, చాప్లినా, కీటనా?

ఒంటికి మంచిదని తాగింది కాస్తా తలకెక్కడం, ఈడూ జోడూ కుదరని పెళ్ళి. మూకీల కాలంలో బాగా పండిన హాస్యం ఇది. ఈ బాపతు సినిమాల్లో మూడింటి గురించి చెప్తాను. నన్నడిగితే ముందు చూడాల్సింది ఫ్రెంచి హాస్యనటుడు మాక్స్ లిండర్‌దే.

1911లో వచ్చిన ‘మాక్స్ విక్తీమ్ ద్యు కెంకినా’లో, నీరసంగా ఉందన్న మాక్స్‌ని డాక్టరు టానిక్‌గా సింకోనా చెట్టు బెరడు కలిపిన వైను గ్లాసుడు తాగమంటాడు. మాక్స్ గ్లాసేమో భారీ సైజుది. తాగి రోడ్డెక్కి కనబడ్డ పెద్దమనుషులందరితో తగువు పెట్టుకుంటాడు. ద్వంద్వయుద్ధంలో తేల్చుకుందాం రమ్మని తలా ఒక విజిటింగ్ కార్డు చేతిలో పెట్టి పోతారు వాళ్ళు. ఇక్కడుంది అసలు మజా. తూలుతున్న మాక్స్ జేబులో పోలీసులకు ఒక కార్డు దొరుకుతుంది. ఆ పెద్దాయన ఈయనే అనుకుని సెల్యూట్ కొట్టి మరీ ఆ ఇంట్లో దిగబెడతారు. అక్కడ గెంటేస్తే ఇంకో పోలీసు, ఇంకో కార్డు! అంత మత్తులోనూ మాక్స్ దర్జా తగ్గదు.

చాప్లిన్ ‘ది క్యూర్’ (1917)లో తాగుడు మాన్పించే ఆరోగ్య కేంద్రానికి హీరో పెట్టె నిండా సీసాలతో దిగుతాడు. వాటిని పారేయమంటే పనివాడు కిటికీలోంచి ఔషధ జలాల బావిలోకి విసిరేస్తాడు. తిరుగుడు తలుపులో వాతరోగి కాలు ఇరుక్కునే సీన్ చూస్తే ఒళ్ళంతా కళ్ళు చేసుకోవాల్సిందే, ఒంటి విన్యాసంలో చాప్లిన్‌కి సాటి లేరు. చాప్లిన్ మొదట తనే అక్కడి పనివాడి వేషంలో కొంత షూట్ చేసి, తర్వాత రోగిగా మారాడు. ఆ మార్పే సినిమాని నిలబెట్టింది. అయినా కథగా లిండర్‌దే గట్టిది. ఆ బావి నీళ్ళతో అందరికీ మత్తెక్కాక ఇక ఇబ్బంది పడేవాళ్ళెవరు? లిండర్‌ని గురువుగా చెప్పుకున్నది కూడా చాప్లినే.

పెళ్ళి గొడవే కావాలంటే మాత్రం అమెరికన్ హాస్యనటుడు బస్టర్ కీటన్ ‘మై వైఫ్స్ రిలేషన్స్’ (1922). ఇంగ్లీషు రాని జడ్జి పొరపాటున ఒక భారీ ఆడమనిషికి, బక్క కీటన్‌కి పెళ్ళి చేసేస్తాడు. టానిక్ లేదు గానీ, ఇంట్లో కాచే బీరులో ఈస్టు ఎక్కువై వంటిల్లంతా నురగ. భోజనాల దగ్గర బావమరుదులు మాంసం ముక్క దక్కనివ్వరు. కీటన్ మెల్లిగా లేచి క్యాలెండర్‌ని శుక్రవారానికి తిప్పేస్తాడు. వాళ్ళు క్యాథలిక్కులు, శుక్రవారం మాంసం ముట్టరు. ప్లేటంతా కీటన్‌దే.