బోరు కెమెరా సర్వీసు: నా మార్కులు అయిదుకి మూడున్నర

మాది గుంటూరు విద్యానగర్. కింద కర్రీ పాయింట్, పైన ఇల్లు. పొద్దున అయిదింటికి పప్పు కడగడానికి నీళ్లు లేకపోతే ఆ రోజు బేరం లేనట్టే. మార్చిలో పక్కింటివాళ్లు 450 అడుగుల బోరు వేశారు. ఏప్రిల్ రెండో వారానికల్లా మా 180 అడుగుల బోరు పది నిమిషాలు నీళ్లు పోసి గాలి కొట్టడం మొదలెట్టింది. ఇంకేముంది, దొంగ దొరికాడనుకున్నాను. పక్కింటి వదినగారికీ నాకూ పిట్టగోడ దగ్గరే మాటా మాటా పెరిగింది. ఇన్నేళ్లూ గోంగూర గిన్నెలు చేతులు మారిన గోడ అది.

నోటీసు ఇప్పిద్దామని లాయరు గారి దగ్గరికి వెళితే ఆయన ముందు నా ఉత్సాహం మీద నీళ్లు చల్లారు. 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టం ప్రకారం, ఫలానా దారిలో పారుతోందని చెప్పలేని భూగర్భ జలాన్ని ఎవరి హద్దులో వాళ్లు తోడుకోవచ్చట.

"మరి బోరుకి పర్మిషన్ కావాలనే వాల్టా చట్టం, అదే నీళ్లు, నేల, చెట్ల చట్టం, ఉందిగా, వాళ్లు పర్మిషన్ లేకుండా వేశారండీ" అన్నాను.

"2002 నుంచీ ఉందమ్మా. మీ బోరు ఎప్పుడు వేశారు?"

"2009లో."

"పర్మిషన్ కాగితం ఉందా?"

నోటీసు మాట అక్కడితో ఆగింది. ముందు బోరులో కెమెరా దింపించి చూడమని చెప్పి పంపారాయన.

కెమెరా వాళ్ల పేరు రాయడం లేదు, ఎందుకో చదివితే మీకే తెలుస్తుంది. ఫోన్లో 4,000 అన్నారు. మోటారు, పైపులు బయటికి లాగితే తప్ప కెమెరా దిగదని, ఆ లాగుడు కూలి వేరే అని మాత్రం అనలేదు. ఇంకో 2,500 వదిలింది. తొమ్మిదింటికి రావాల్సినవాళ్లు పన్నెండింటికి, సరిగ్గా నా కూరల బేరం వేళకి వచ్చారు. లోపల నీళ్లు మడ్డిగా ఉన్నాయని మర్నాటికి వాయిదా.

మర్నాడు మాత్రం కుర్రాడు ఓపిగ్గా చూపించాడు. ఫోను అంత తెర మీద బోరు లోపల కనిపిస్తుంటే కడుపులో ట్యూబు వేసి చూస్తున్నట్టుంది. 38 అడుగుల దగ్గర కేసింగ్, అంటే పైమట్టి జారకుండా బోరులో దింపే పైపు, అతుకు ఊడి, అందులోంచి మట్టి, వేప వేళ్లు లోపలికి దిగుతున్నాయి. 118 అడుగుల దగ్గర నీళ్లు. 151 దగ్గర బురద, ఇక కెమెరా దిగలేదు. 160 దగ్గర ఊట పడిందని బోరు వేసినరోజే మా ఆయన డైరీలో రాసి పెట్టారు. అంటే ఊట బురద కింద పూడిపోయింది.

"అయితే పక్కవాళ్ల తప్పేం లేదా బాబూ?" అన్నాను, కాస్త నిరాశగానే.

"అదీ చూద్దాం ఆంటీ, వాళ్లని ఒక గంట మోటారు వేయమనండి" అన్నాడు.

నీళ్లు తగలగానే కూతపెట్టే టేపు ఒకటి మా బోరులోకి వదిలాడు. వదినగారు ముఖం అటు తిప్పుకునే స్విచ్ వేశారు. గంటలో మా నీటిమట్టం 118 నుంచి 125కి దిగింది. అన్నయ్యగారు కూడా వచ్చి ఆ టేపు చూశారు. ఏడడుగులు వాళ్ల ఖాతా, ముప్ఫై అడుగుల బురద మా ఖాతా. అంతకుముందు కొబ్బరికాయ చేతిలో పెట్టుకుని పెరడంతా తిరిగి 1,500 పట్టుకెళ్లినాయన ఇందులో ఒక్క ముక్కా చెప్పలేదు.

కొత్త బోరు వేయించుకోమని అంటగట్టనందుకు ఈ కుర్రాడికి ఒక మార్కు ఎక్కువే వేస్తాను. ఒకటి గుర్తుంచుకోండి, వీళ్లిచ్చేది వీడియో మాత్రమే. కోర్టుకి పనికొచ్చే రిపోర్టు కావాలంటే భూగర్భ జల నిపుణుడి చేతే రాయించుకోవాలన్నారు లాయరు గారు. ఆ వీడియో పెన్‌డ్రైవ్‌లో ఇచ్చినందుకు ఇంకో 300 తీసుకున్నారు, ముందు చెప్పకుండానే.

కంప్రెసర్‌తో ఫ్లషింగ్ చేయించి, అంటే గాలి కొట్టి బురద బయటికి తీయించి, పాత కేసింగ్ లోపల సన్న పైపు దింపించాం. ఇప్పుడు నలభై నిమిషాలు ఆగకుండా పోస్తోంది. నాలుగున్నర నుంచి అయిదున్నర దాకా మా మోటారు, ఆ తర్వాతే వాళ్లది. నిన్న వదినగారు గోడ మీద ఖాళీ గిన్నె పెట్టి వెళ్లారు. గోంగూర ఇంకా పంపలేదు నేను.