ఫాంటసీ క్యాలెండర్: రోజుల లెక్కలో దిట్ట, చాంద్రమానంలో మొండిఘటం

కల్పిత లోకంలో నెలలకు పేర్లు పెట్టడం గంట పని. 212వ సంవత్సరం మూడో నెల 14న ఏ వారం, ఆ రాత్రి వెన్నెల ఉందా అని ఎవరైనా అడిగినప్పుడు మొదలవుతుంది అసలు తంటా. ఈ పనికి ఉన్న వెబ్ పరికరాల్లో లోతుగా వెళ్లేది ఫాంటసీ క్యాలెండర్. ఇందులో వారాలూ చంద్రకళలూ మొదటి రోజు నుంచి ఎన్ని రోజులు గడిచాయన్న లెక్క మీదే నడుస్తాయి. ఒక నెల పొడవు మారిస్తే మిగతావన్నీ వాటంతటవే సర్దుకుంటాయి. అలాగని 200 ఏళ్ల చరిత్ర రాసేశాక రెండో నెలకు ఒక్క రోజు కలిపారో, చివరికి వచ్చేసరికి 200 రోజులు పోగుపడి పౌర్ణములన్నీ చెల్లాచెదురవుతాయి. అందుకే ముందు వారం, తర్వాత నెలలు, అధిక దినాలు (లీపు రోజులు), ఆ పైన చందమామలు, ఋతువులు. సంఘటనలు అన్నిటికన్నా చివర.

అధిక దినాల విభాగం దీనికి ప్రాణం. ఎన్నేళ్లకోసారి అన్న గడిలో ఒక్క అంకె కాదు, నియమాల వరుసే రాయొచ్చు. గ్రెగోరియన్ లెక్క కావాలంటే 400,!100,4 అని కొడితే చాలు. ఆశ్చర్యార్థకం అంటే ‘ఆ ఏడాది వద్దు’ అని. సొంత లోకానికి దీన్ని ఎలా వాడాలో చూడండి. నెలకు 36 రోజుల చొప్పున 10 నెలలు, విడిగా 5 పండుగ రోజులు, సూర్యుడి చుట్టూ తిరగడానికి 365.31 రోజులు అనుకుందాం. మూడేళ్లకో రోజు కలిపితే 43 ఏళ్లకే దాదాపు ఒక రోజు తేడా వస్తుంది. !42,3 అని రాస్తే 42 ఏళ్లలో 13 అధిక దినాలు పడి, ఒక రోజు తేడా రావడానికి 2,100 ఏళ్లు పడుతుంది. చిన్న లోకానికి అంతకన్నా ఏం కావాలి?

ఆ 5 పండుగ రోజులను మామూలు నెలగా కాకుండా ‘ఇంటర్‌క్యాలరీ’ రకంగా పెట్టాలి. అప్పుడు వారం వాటిని దాటేసి సాగుతుంది. వారానికి ఆరు రోజులైతే 36ను 6 సరిగ్గా భాగిస్తుంది కాబట్టి ప్రతి నెలా ఒకే వారంతో మొదలవుతుంది. అధిక దినాన్ని కూడా ఇదే రకంగా పెట్టడం మరవకూడదు. మరిస్తే మూడో ఏడు నుంచే వరుస చెదిరిపోతుంది. ఎక్కువమంది పప్పులో కాలేసేది ఇక్కడే.

చందమామకు ప్రధానంగా రెండు అంకెలు కావాలి: ఆవృత్తి, అంటే ఒక పౌర్ణమి నుంచి మరో పౌర్ణమికి పట్టే రోజులు; షిఫ్టు, అంటే ఆ చక్రాన్ని ఎన్ని రోజులు జరపాలన్నది. ఆవృత్తిలో దశాంశాలకు పిసినారితనం పనికిరాదు. మన చంద్రుడిది 29.53059 రోజులు. 29.5 అని వదిలేస్తే ఏడాదికి దాదాపు 0.38 రోజు తప్పు. 39 ఏళ్లయ్యేసరికి పౌర్ణమి రాయాల్సిన చోట అమావాస్య ఉంటుంది. రెండు చందమామలున్న లోకంలో ఇంకో చిక్కు. ఒకటి 24 రోజులు, ఇంకొకటి 30 రోజులు తిరిగితే రెండు నిండు పౌర్ణములూ 120 రోజులకోసారి కలుస్తాయని లెక్క వేసుకుంటాం. నిజమే, షిఫ్టుల తేడా 6కి గుణకం అయితేనే. తేడా 5 అయితే అవి ఎన్నటికీ సరిగ్గా కలవవు. ‘జంట పౌర్ణమి’ జోస్యం మీద కథ నడిపేవాళ్లు 24, 29 లాంటి జత తీసుకోవడం మేలు: షిఫ్టు ఏదైనా 696 రోజులకోసారి కలిసి తీరతాయి. సంఘటనకు షరతుగా రెండు చంద్రకళలనూ పెట్టి, పరీక్ష బటన్ నొక్కితే రాబోయే తేదీలు కనిపిస్తాయి. ఈ పని చేతితో చేసినవాళ్లకే ఆ బటన్ విలువ తెలుస్తుంది.

నిరాశపరిచేది చాంద్రమానం. అమావాస్య వెళ్లిన మర్నాడే నెల మొదలు కావాలని చెప్పే వీల్లేదు. నెల పొడవు ముందే అంకెగా ఇవ్వాలి. చంద్రుడు ఒకవైపు, నెల ఒకవైపు. దొడ్డిదారి ఉంది, కానీ చాకిరీ ఎక్కువ. 19 సంవత్సరాలకు 235 చాంద్రమాసాలు దాదాపు సరిగ్గా సరిపోతాయి కదా, అంటే 12 నెలల ఏళ్లకు పైన 7 అధిక మాసాలు. నెలకు కూడా విరామం (ఎన్నేళ్లకోసారి), ఆఫ్‌సెట్ (ఆ వరుసలో ఎన్నో ఏట) ఇవ్వొచ్చు కాబట్టి, ఒక్కోదానికి విరామం 19, ఆఫ్‌సెట్లు వరుసగా 3, 6, 8, 11, 14, 17, 19 ఇచ్చి ఏడు అధిక మాసాలు సృష్టించాలి. 29, 30 రోజుల నెలలను ఒకటి విడిచి ఒకటి పేర్చినా సగటు 29.5 దగ్గరే ఆగుతుంది గనక అప్పుడప్పుడూ ఒక అధిక దినం కూడా వేయాలి. పని జరుగుతుంది, అందం ఉండదు.

ఋతువుల పొడవుల మొత్తం సగటు సంవత్సరంతో సరిపోకపోతే హెచ్చరిక వస్తుంది. దాన్ని పట్టించుకోకపోతే నడివేసవిలో మంచు కురుస్తుంది. శకం మారినప్పుడు సంవత్సరాల లెక్క ఒకటి నుంచి మళ్లీ మొదలుపెట్టే సౌకర్యం ముచ్చటగానే ఉంటుంది. పాత్రల వయసులకు మాత్రం తెగని సంవత్సర సంఖ్యల పట్టికను విడిగా ఉంచుకోండి. సున్నా సంవత్సరం ఉందో లేదో కూడా మొదట్లోనే తేల్చుకోండి: లేకపోతే -5 నుంచి 5కి తొమ్మిదేళ్లే.

ఇంత లోతు అక్కర్లేనివాళ్లకు డాన్జన్ క్యాలెండర్ జనరేటర్ ఉంది. సంవత్సరానికి ఎన్ని రోజులు, ఎన్ని నెలలు, వారానికి ఎన్ని రోజులు, ఎన్ని చందమామలు అని ఒకే పేజీలో నింపితే నిమిషంలో క్యాలెండర్ చేతికొస్తుంది. అధిక దినాలు లేవు, ప్రతి ఏడూ ఒకే పొడవు. ఒకటి రెండేళ్లలో ముగిసే కథకు, ఆటకు అది బేషుగ్గా సరిపోతుంది. కథ సాగి మునిమనవళ్ల దాకా వస్తే, డాన్జన్‌లో దాచిన జేసన్ (JSON) డేటా ఫైలును ఫాంటసీ క్యాలెండర్‌లోకి ఎక్కించుకుని అక్కడి నుంచి అధిక దినాలు కలుపుకోవచ్చు.