టోక్యోలో 'ఎవరికీ తెలియని వీధులు' సాయంత్రం వాకింగ్ టూర్ బుక్ చేస్తున్నారా? ముందు ఇది చదవండి

శీతాకాలం సెలవులకి జపాన్ వెళ్లే మనవాళ్లు ఈ మధ్య బాగా పెరిగారు. వాళ్లలో చాలామంది కళ్లు పడే ఒక టూర్ గురించి ఈ హెచ్చరిక. 'టూరిస్టులు చూడని పాత టోక్యో', 'లోకల్ వాళ్లు తిరిగే సందులు', 'సాయంత్రం వేళ నడక' లాంటి పేర్లతో బుకింగ్ యాప్‌లలో బోలెడు కనిపిస్తాయి. అన్నీ మోసమని అనను, బాగా చేసేవాళ్లూ ఉంటారు. నవంబరు చివర్లో మేం వెళ్లింది మాత్రం డబ్బు దండగ, ఆపైన మనశ్శాంతి కూడా దండగ. కంపెనీ పేరు రాయడం లేదు. ఒక పేరు రాస్తే ఆ ఒక్కదాన్ని వదిలేసి అలాంటిదే ఇంకోటి బుక్ చేస్తారు. లక్షణాలు చెబుతాను, మీరే గుర్తుపట్టండి.

ధర మనిషికి 9,000 యెన్లు. నేను, మా ఆవిడ, మా అత్తగారు, మొత్తం 27,000. మన డబ్బుల్లో పదిహేను వేల పైమాటే. వాళ్లు రాసింది ఇదీ: యనకా, నెజు, సెందాగి పేటల్లో మూడు గంటల నడక, ఎనిమిది మందికి మించని గ్రూపు, వీధి తిళ్ల రుచులు, చివర్లో లోకల్స్ మాత్రమే వెళ్లే చోట ఒక డ్రింకు. 'వెజిటేరియన్లకి ఏర్పాటు ఉంది' అని కూడా ఉంది. ఫొటోల్లో మెట్ల మీంచి బంగారు రంగు ఎండ, కింద కిటకిటలాడే సన్నటి బజారు, గోడ మీద పిల్లి. బయలుదేరే సమయం సాయంత్రం ఆరున్నర, నిప్పోరి స్టేషన్ దగ్గర.

అసలు తిరకాసంతా ఆ ఆరున్నరలోనే ఉంది.

యనకాని తప్పుపట్టడం లేదు. టోక్యోలో పాత వాసన మిగిలిన కొద్ది పేటల్లో అదొకటి. 1923 భూకంపం తర్వాత చెలరేగిన మంటలు, 1945 బాంబు దాడులు నగరంలో చాలా భాగాన్ని బూడిద చేస్తే ఈ పేట చాలావరకు తప్పించుకుంది. అందుకే ఇప్పటికీ చెక్క ఇళ్లు, అడుగడుక్కీ బౌద్ధాలయాలు, మనిషి పక్కకి తిరిగితే గానీ పట్టని సందులు. 1657లో ఎదో (టోక్యోకి అప్పటి పేరు) నగరం తగలబడ్డాక చాలా ఆలయాలని ఇటువైపు తరలించారట. యనకా గింజా అనే బజారు వీధి నిండా గట్టిగా రెండు వందల మీటర్లు ఉండదు. టీ పొడి కొట్టు, బియ్యపు అప్పడాల్లాంటి సెంబేలు కాల్చే కొట్టు, వేడివేడి మెంచి కత్సు వేయించి ఇచ్చే మాంసం కొట్లు. ఒక మాట, బీఫ్, పోర్క్ తిననివాళ్లు ఆ మెంచి కత్సు జోలికి పోవద్దు, చూడటానికి మన కట్లెట్‌లా అమాయకంగా ఉంటుంది గానీ లోపల ఉండేది ఆ కీమానే.

ఇదంతా పగటి పూట సంగతి. ఆ బజారు ఇంటి వాళ్లు నడుపుకునే బజారు. అయిదయ్యేసరికి సర్దడం మొదలుపెడతారు, ఆరు దాటితే ఒకటీ అరా తాగే కొట్లు తప్ప అన్నీ షట్టర్లే. ఇక సూర్యుడి సంగతి. మనకి చలికాలంలో కూడా అయిదున్నర దాటేదాకా వెలుగుంటుంది కాబట్టి ఈ విషయం తట్టదు: నవంబరు చివర, డిసెంబరుల్లో టోక్యోలో నాలుగున్నరకే పొద్దు గూకుతుంది. ఫొటోలో ఉన్న మెట్లని యూయాకే దాందాన్ అంటారు, సాయంకాలపు ఎండ కోసమే పేరుపడ్డ చోటు. మమ్మల్ని అక్కడికి తీసుకెళ్లేసరికి ఎండ పోయి రెండు గంటలు దాటింది. గైడ్ కుర్రాడు చీకట్లోకి చెయ్యి చాపి 'ఇక్కడ సూర్యాస్తమయం చాలా బాగుంటుంది' అన్నాడు. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. నెజు మందిరం కూడా జాబితాలో ఉంది. 1706 నాటి కట్టడం, ఎర్రటి తోరణాల వరస, చూడాల్సిందే. చీకటి పడితే దాని గేట్లు మూస్తారు. మేం చూసింది ఆ గేట్లనే.

ఎనిమిది మంది అన్నారు కదా, లెక్కపెడితే ఇరవై దాటారు. గైడ్ నడుముకి చిన్న స్పీకరు, చెవి దగ్గర మైకు. అవి జనం కాపురాలుండే సందులు. ఒక చోట పై అంతస్తు కిటికీ తెరుచుకుంది, ఓ పెద్దావిడ ఏమీ అనకుండా రెండు చేతులూ అడ్డంగా పెట్టి చూపించింది. అక్కడ దాని అర్థం వద్దు, కుదరదు అని. వాల్యూమ్ కాస్త తగ్గించాడు, తర్వాతి సందులో మళ్లీ పెంచాడు. డబ్బిచ్చి ఊరివాళ్ల చేత ఛీ అనిపించుకోవడం అంటే ఇదే.

వీధి తిళ్ల రుచులు ఏమయ్యాయంటే, కొట్లు మూసేశారు కాబట్టి మలుపులో ఉన్న కన్వీనియెన్స్ స్టోర్‌లోకి వెళ్లి ప్యాకెట్ సెంబేలు, అన్నం ముద్దలు కొనుక్కొచ్చి పంచాడు. మా అత్తగారు శుద్ధ శాకాహారి. 'దీంట్లో మాంసం లేదు' అని ఆవిడ చేతిలో ఒక అన్నం ముద్ద పెట్టాడు. మా ఆవిడకి అనుమానం వచ్చి కవరు మీద ఫోన్ కెమెరా పెట్టి అనువాదం చూసింది. ఎండబెట్టిన చేప తురుము. గైడ్‌ని అడిగితే 'చేపేగా, మాంసం కాదుగా' అన్నాడు. జపాన్‌లో ఈ మాట చాలాచోట్ల వినిపిస్తుంది, సూపుల నుంచి సాస్‌ల దాకా అడుగున చేప రసం ఉంటుంది. వెజ్ అని రాసి డబ్బు తీసుకున్నవాడికి ఆ మాత్రం తెలిసుండాలి.

అక్కడినుంచి దగ్గరి దారని శ్మశానంలోంచి నడిపించాడు. యనకా శ్మశానం పగలు నిజంగా బాగుంటుందట, చెర్రీ చెట్ల దారి, శుభ్రంగా ఉద్యానవనంలా ఉంటుంది, చివరి షోగున్ (సైనిక పాలకుడు) తొకుగావా యోషినోబు సమాధి ఉన్నదీ అక్కడే. రాత్రి ఏడున్నరకి, సెల్‌ఫోన్ టార్చి వెలుగులో, ముందుగా ఒక్క మాట చెప్పకుండా పెద్దవాళ్లని అందులోకి తీసుకెళ్లడం వేరు. మా అత్తగారు కొంగు నెత్తిమీదికి లాక్కుని నోట్లో ఏదో చదువుకుంటూ నడిచారు. బయటికొచ్చాక 'నేను తలస్నానం చేసేదాకా ఏమీ ముట్టను, అల్లుడుగారూ, మీరు తినండి' అన్నారు.

ఆ శ్మశానంలో ఒక పునాది రాళ్ల చదరం ఉంది, ఒకప్పుడు ఐదంతస్తుల గోపురం ఉన్న చోటు. యుద్ధంలో బాంబు పడి కాలిపోయిందని చెప్పాడు గైడ్. అది తప్పు. 1957లో ఒక జంట అందులో నిప్పంటించుకుని చనిపోయినప్పుడు కాలింది. టోక్యోలోనే నిషి కసాయ్ పేటలో ఉండే మా బావమరిది తర్వాత చెబితే తెలిసింది. యుద్ధం చాలావరకు వదిలేసిన పేట కాబట్టే జనం దీన్ని చూడటానికి వస్తారు, ఆ ముక్కే తెలియనివాడు మాకు గైడ్. ఇందులో ఒక కిటుకు ఉంది. జపాన్‌లో ఒకప్పుడు డబ్బు తీసుకుని విదేశీ భాషలో గైడ్ పని చేయాలంటే ప్రభుత్వ లైసెన్సు తప్పనిసరి. 2018 జనవరి నుంచి ఆ నిబంధన ఎత్తేశారు. ఇప్పుడు ఎవరైనా చేయొచ్చు, లైసెన్సు ఉందని చెప్పుకోకూడదంతే. పరీక్ష పాసైన గైడ్లకి రిజిస్ట్రేషన్ కార్డు ఉంటుంది. బుక్ చేసేముందు మెసేజ్ పెట్టి అడగండి. ఉన్నవాళ్లు సంతోషంగా చూపిస్తారు, లేనివాళ్లు 'మా గైడ్లందరూ ఎంతో అనుభవజ్ఞులు' అని చుట్టూ తిప్పుతారు.

ఇక అసలు ఘట్టం. యనకాలో నడక గంట దాటిందో లేదో 'ఇప్పుడు లోకల్స్ వెళ్లే చోటికి' అని రైలెక్కించాడు, చార్జీలు ఎవరివి వాళ్లవే. దిగింది ఎక్కడనుకున్నారు? షింజుకులో! ప్రపంచంలోకెల్లా రద్దీ అయిన స్టేషన్. ఒమోయిదే యోకోచో సందు ఒక చుట్టు చుట్టించి, పక్కనే ఉన్న బార్ల పేట కబుకిచోలోకి తీసుకెళ్లి, గోల్డెన్ గాయ్ దూరం నుంచి చూపించాడు. రెండు వందలకి పైగా చిన్నచిన్న బార్లున్న ఆ గోల్డెన్ గాయ్ లేని టోక్యో గైడ్‌బుక్ నాకు చూపించండి. కబుకిచోలో అయితే బార్లకి పిలిచేవాళ్ల వెంట వెళ్లొద్దు, బిల్లుల్లో మోసపోతారు అని వీధిలో మైకుల్లో హెచ్చరికలు వినిపిస్తూనే ఉంటాయి. ఆ మైకుల కిందనుంచే మా గైడ్ మమ్మల్ని బారుకి తీసుకెళ్లాడు.

నిచ్చెనలా నిటారుగా ఉన్న మెట్లు, పైన వరసగా స్టూళ్లు. కూర్చోగానే తలా ఒక చిన్న గిన్నె పెట్టారు, అందులో మూడు వేళ్లతో తీసేంత ఉడికించిన సముద్రపు నాచు. దాన్ని ఒతోషి అంటారు. అడగకపోయినా వస్తుంది, బిల్లులో పడుతుంది. మామూలుగా మూడు నాలుగు వందల యెన్లు, ఇది అక్కడి ఆచారం, దాన్ని మోసం అనలేం. మాకు వచ్చిన బిల్లు ఇది: కూర్చున్నందుకు మనిషికి 1,500, ఒతోషి మనిషికి 500, మా ఆవిడ ఆరెంజ్ జ్యూస్ 700. జ్యూస్‌కి డబ్బేంటంటే టూర్‌లో కలిసిన డ్రింకు అంటే బీరు, విస్కీ సోడా మాత్రమేనట. దాని మీద సర్వీసు పది శాతం, మళ్లీ పన్ను పది శాతం. మొత్తం 8,107. ఇందులో మా అత్తగారి వంతు 2,420, స్టూలు మీద కూర్చున్నందుకు. ఆవిడ మంచినీళ్లు కూడా ముట్టలేదు, ఆ గిన్నె అలాగే ఉండిపోయింది. ఆవిడకి రావాల్సిన 'ఉచిత' డ్రింకు బదులు జ్యూస్ ఇవ్వమంటే కుదరదన్నారు. రేట్లు గోడ మీద రాసే ఉన్నాయి, జపనీస్‌లో. గైడ్ యజమానితో కబుర్లు చెబుతూ రెండు గ్లాసులు తాగాడు. అవి ఎవరి బిల్లులోనూ లేవు.

అక్కడే టూర్ అయిపోయింది. తొమ్మిదింటికి, కబుకిచో నడిబొడ్డున, 'స్టేషన్ అటువైపు' అని చెయ్యి చూపించి, టిప్పు కోసం క్యూఆర్ కోడ్ పెట్టాడు. టిప్పు ఇచ్చే అలవాటే లేని దేశంలో!

డబ్బు వెనక్కివ్వమని యాప్‌లో ఫిర్యాదు పెట్టాను. 'సేవ అందించబడింది, అంతగా తెలియని ప్రదేశం అన్నది అభిప్రాయ భేదం' అని జవాబు, పదిశాతం కూపన్. కార్డు బ్యాంకులో డిస్ప్యూట్ వేశాను. గ్రూపు ఎనిమిది మంది అని రాసిన పేజీ స్క్రీన్‌షాట్, గ్రూపు ఫొటో, బారు రసీదు జతచేశాను. మీరు ఏది బుక్ చేసినా వివరాల పేజీ అదే రోజు స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి. మేం వెళ్లొచ్చాక వాళ్లు ఆ 'ఎనిమిది' మాట తీసేశారు.

రివ్యూల గురించి. 4.8 ఉంది దీనికి. తర్వాత తీరిగ్గా చదివితే, పొగిడినవాళ్లలో ఎక్కువమంది ఏప్రిల్ నుంచి జూన్ మధ్య వెళ్లినవాళ్లు. జూన్‌లో అక్కడ ఏడింటిదాకా వెలుగుంటుంది, పైగా అప్పట్లో నడక నాలుగింటికి మొదలయ్యేదట. టూర్ అదే, గడియారం వేరు. కాబట్టి చుక్కలు కాదు, మీరు వెళ్లే నెలలో వెళ్లినవాళ్లు ఏం రాశారో చూడండి. ఇంకొకటి, నడక ఎక్కడ ముగుస్తుందో కచ్చితంగా అడగండి. మొదలయ్యే చోటికీ ముగిసే చోటికీ మధ్య రైలు ప్రయాణం ఉంటే, ముగిసేది బారులో అయితే, కూర్చునే చార్జీ ఎవరు కడతారో రాతపూర్వకంగా చెప్పించుకోండి.

యనకా చూడాలనుంటే టూర్ అక్కర్లేదు. నరిటా విమానాశ్రయం నుంచి వచ్చే స్కైలైనర్ రైలు ఆగే స్టేషనే నిప్పోరి. మధ్యాహ్నం రెండింటికి అక్కడ పడమర వైపు దిగి, శ్మశానం దారి చూసుకుని, లేదా పెద్దవాళ్లుంటే మానేసి, మెట్లు దిగి బజారులోకి, అక్కడినుంచి నెజు మందిరానికి నడిచి వెళ్లిపోవచ్చు. చలికాలమైతే నాలుగింటికి మళ్లీ మెట్ల దగ్గర ఉండండి. బావమరిది తర్వాతి ఆదివారం మమ్మల్ని ఇలాగే తీసుకెళ్లాడు, ఖర్చు రైలు చార్జీలు, టీ. మనిషి తోడు కావాలంటే గుడ్‌విల్ గైడ్లు అని, ఈ పని స్వచ్ఛందంగా చేసేవాళ్లున్నారు, ఫీజు తీసుకోరు, వాళ్ల ప్రయాణం ఖర్చు, తిండి మనం చూసుకోవాలి. ముందుగా రాయాలి, చివరి నిమిషంలో దొరకరు.

ఇప్పటికే ఇలాంటిది బుక్ చేసినవాళ్లు ఉంటే బుకింగ్ తెరిచి రద్దు నిబంధన చూడండి. మాదాంట్లో 24 గంటల ముందు వరకు పూర్తి డబ్బు వెనక్కి వచ్చేది. ఆ 24 గంటలు జపాన్ టైము ప్రకారం లెక్క, మనకంటే మూడున్నర గంటలు ముందు.