డన్‌కర్క్, 1917, కమ్ అండ్ సీ: యుద్ధ సినిమాను నిజంగా మార్చింది ఏది?

భారీ యుద్ధ సినిమా అనగానే చాలామందికి ఒకే రకం సినిమా గుర్తొస్తుంది. గోడ మీద పెద్ద మ్యాపు, దాని చుట్టూ సైన్యాధికారులు, తర్వాత మైదానం నిండా జనం, చివర్లో జెండా. 1962లో వచ్చిన 'ది లాంగెస్ట్ డే' అలాంటిదే. 1970 నాటి 'వాటర్‌లూ' అయితే సుమారు 15,000 మంది సోవియట్ సైనికులను నిలబెట్టి తీశారు, కంప్యూటర్ గ్రాఫిక్స్ లేని రోజుల్లో అంతమంది నిజం మనుషులను తెర మీద చూస్తుంటే ఇప్పటికీ కళ్ళు తిరుగుతాయి. నాకు ఆ సినిమాల మీద చిన్నచూపేమీ లేదు. కాకపోతే వాటిలో మనం ఎప్పుడూ కొండ మీద సేనాపతి పక్కన నిలబడే చూస్తాం. దాడి ఎటు నుంచి వస్తోందో, ఎవరి పని అయిపోతోందో మనకు ముందే తెలుస్తుంది, కింద చచ్చిపోతున్నవాడికి మాత్రం ఏమీ తెలియదు. ఈ జానర్‌ను తిరగరాశాయని పేరొచ్చిన సినిమాలన్నీ మొదట చేసిన పని మనల్ని ఆ కొండ దించడమే. దించాక ఎక్కడ నిలబెట్టాయి అన్నదాంట్లోనే తేడా అంతా ఉంది, నేను పోల్చేది కూడా అక్కడే. కథల్లో ముఖ్యమైన మలుపులు చెప్పేస్తున్నాను కాబట్టి చూడనివాళ్ళు గమనించండి.

ముందు '1917'. 2019లో శామ్ మెండెస్ తీశాడు, కెమెరా రోజర్ డీకిన్స్. మొదటి ప్రపంచ యుద్ధంలో ఇద్దరు బ్రిటిష్ కుర్రాళ్ళు, బ్లేక్, స్కోఫీల్డ్, ఒక ఉత్తరం పట్టుకుని శత్రువు ఖాళీ చేసి పోయిన నేల దాటి వెళ్ళాలి. అది సమయానికి అందకపోతే 1,600 మంది తెల్లారి వలలో పడతారు, వాళ్ళలో బ్లేక్ అన్న కూడా ఉన్నాడు. సినిమా మొత్తం ఒకే షాట్‌లా కనిపిస్తుంది. (మధ్యలో ఒకసారి తెర పూర్తిగా నల్లబడుతుంది, అది అందరికీ తెలిసేలా పెట్టిన కోతే, మిగతావి దాచిన అతుకులు.) దీని వెనక పడ్డ కష్టం మామూలుది కాదు. షాట్ ఆగదు కాబట్టి డైలాగ్ ఎంతసేపు నడిస్తే కందకం సరిగ్గా అంత పొడవు ఉండాలి, అందుకని ముందు ఖాళీ పొలాల్లో నటులతో నడిపించి, రిహార్సల్ చేయించి, ఆ కొలతల ప్రకారం తవ్వించారు. ఎండ వస్తే ఒక ముక్కకీ ఇంకో ముక్కకీ వెలుగు కలవదు కాబట్టి మబ్బు పట్టేదాకా యూనిట్ మొత్తం కూర్చునేది.

ఈ పద్ధతి నిజంగా ఫలించింది బ్లేక్ చావు దగ్గర. కూలిన విమానంలోంచి తాము బయటికి లాగిన జర్మన్ పైలటే అతన్ని పొడుస్తాడు. మామూలు సినిమాలో అయితే ఇక్కడ కట్ పడేది, ఒక క్లోజప్, ఆకాశం, మళ్ళీ మొహం. ఇక్కడ కట్ లేదు. మాట్లాడుతూ మాట్లాడుతూనే కుర్రాడి మొహంలో నెత్తురు దిగిపోవడం, పెదాలు పాలిపోవడం మన కళ్ళ ముందే జరుగుతుంది, పక్కకి చూడటానికి దర్శకుడు మనకు వేరే చోటు ఇవ్వడు. ఆ కొన్ని నిమిషాల్లో ఒకే షాట్ అనే ఆలోచనకి న్యాయం జరిగింది.

కానీ మిగతా సినిమాలో? ఒక అడ్డంకి, దాటడం, ఇంకో అడ్డంకి, మధ్యమధ్యలో ఒక పెద్ద నటుడు వచ్చి రెండు ముక్కలు చెప్పి పోవడం. వీడియో గేమ్‌లో లెవెల్స్ లాగా. రాత్రిపూట శిథిలమైన ఊళ్ళో మంటల వెలుగు, పైకి లేచి పడే ఫ్లేర్ల నీడలు ఎంత అందంగా ఉంటాయంటే, స్కోఫీల్డ్ ప్రాణం మీద ఉండాల్సిన మన ధ్యాస కెమెరా మీదకి పోతుంది. ఇది ఎలా తీశారు అని ఆలోచిస్తున్నామంటే ఆ క్షణంలో మనం యుద్ధంలో లేనట్టే. పైగా ఉత్తరం చేరుతుందా లేదా అన్నది పాతకాలపు సాహసకథ టెన్షనే. రూపం కొత్తది, లోపలి అస్థిపంజరం పాతది.

2017లో క్రిస్టఫర్ నోలన్ తీసిన 'డన్‌కర్క్' ఇక్కడే పైచేయి సాధిస్తుంది. 1940 మే 26 నుంచి జూన్ 4 వరకు జర్మన్ సేనలు చుట్టుముట్టిన ఫ్రాన్స్ తీరం నుంచి 3,38,000 మందికి పైగా మిత్రపక్ష సైనికులను తప్పించిన సంఘటన ఇది. నోలన్ దాన్ని మూడు పోగులుగా చేశాడు. ఒడ్డున వారం, పడవలో రోజు, విమానంలో గంట, ఈ మూడూ ఒకదానిలో ఒకటి అల్లుకుని నడుస్తాయి. మొదటిసారి చూసినప్పుడు గందరగోళంగా ఉంటుంది, ఒప్పుకోవాల్సిందే. అయితే ఇది తెలివితేటలు చూపించుకోవడానికి చేసిన పని అని కొందరు అంటారు చూడండి, దానికి మాత్రం నేను ఒప్పుకోను. ఒడ్డున ఉన్నవాడికి ఎదురుచూడటమే యుద్ధం, ఎన్ని రోజులో వాడికి తెలియదు. పైలట్‌కి ట్యాంకులో ఇంధనం ఉన్నంతసేపే యుద్ధం. ఒకే సంఘటనలో ఉన్నా వాళ్ళ గడియారాలు వేరు. గేజ్ పగిలిపోయాక పైలట్ ఫారియర్ తన ఇంధనం లెక్క సుద్దముక్కతో డాష్‌బోర్డ్ మీద రాసుకుంటూ ఉంటాడు, హీరోయిజం అంతా ఆ గీతల్లోనే ఉంది, ఎలివేషన్ షాట్ అవసరమే పడలేదు.

ఈ సినిమాలో నాకు అన్నిటికంటే గొప్పగా అనిపించే సీన్ చాలామంది మాట్లాడనిది. ఫారియర్ తోటి పైలట్ కాలిన్స్ విమానం నీళ్ళ మీద దిగుతుంది. పైనుంచి చూస్తే కాలిన్స్ చెయ్యి ఊపుతున్నాడు, బాగానే ఉన్నాడు అనుకుని ఫారియర్ ముందుకి సాగిపోతాడు, మనమూ అలాగే అనుకుంటాం. చాలాసేపటికి అదే సంఘటన నీళ్ళ మట్టంలో చూపిస్తారు. పై మూత బిగుసుకుపోయింది, లోపలికి నీళ్ళొస్తున్నాయి, అతను ఊపింది బాగున్నానని చెప్పడానికి కాదు, బయటపడలేక పెనుగులాడుతున్నాడు. ఎత్తు నుంచి చూస్తే యుద్ధం ఎంత తప్పుగా కనిపిస్తుందో ఒక్క మాట లేకుండా చెప్పేశాడు నోలన్. కొండ మీది పాత యుద్ధ సినిమాలన్నిటికీ ఇదొక్కటి చాలు సమాధానంగా.

పాత్రలకి ఇల్లూ వాకిలీ, ప్రేమకథా లేవని విమర్శ వచ్చింది. నాకైతే అది సరైన నిర్ణయమే. జేబులోంచి ప్రియురాలి ఫోటో తీసినవాడు పది నిమిషాల్లో పోతాడని మనకందరికీ తెలుసు, ఆ లెక్కను నోలన్ తీసి పారేశాడు. నాకు ఇబ్బంది వేరే రెండు చోట్ల ఉంది. డన్‌కర్క్‌లో కంచరగాడిదలతో సరుకు మోసిన భారత సైనిక దళాలు కూడా ఉన్నాయి, సినిమాలో వాళ్ళ ఊసే లేదు. ('1917'లో కనీసం లారీలో ఒక సిక్కు సైనికుడు కనిపిస్తాడు, పాత్ర చిన్నదైనా మనిషిగా కనిపిస్తాడు.) రెండోది ముగింపు. రైల్లో కూర్చున్న కుర్రాడు పేపర్లో చర్చిల్ ప్రసంగం చదువుతుంటే సంగీతం ఉప్పొంగుతుంది, అప్పటిదాకా తలుపు బయట ఆపిన జెండా చివరికి లోపలికి వచ్చేస్తుంది. ప్రసంగం అయ్యాక ఆ కుర్రాడి మొహం మీద ఒక చిన్న సందేహం పెట్టాడు నిజమే, కానీ అప్పటికే మన ఛాతీ ఉప్పొంగిపోయి ఉంటుంది. అయినా సరే, ఈ రెండింట్లో ఏది మేలంటే డన్‌కర్కే. దాని రూపం సంఘటన కడుపులోంచి పుట్టింది, '1917' రూపం ముందే అనుకుని తర్వాత కథ తొడిగినట్టు ఉంటుంది.

ఈ వరసలో 1998ని కూడా ఒకసారి తలుచుకోవాలి. ఆ ఏడాది 'సేవింగ్ ప్రైవేట్ రయాన్' ఒమాహా బీచ్ (ఫ్రాన్స్‌లోని నార్మండీ తీరం) మీద అమెరికన్ సైనికులు దిగే సీన్‌తో యుద్ధం ఎలా కనిపించాలి, ఎలా వినిపించాలి అన్నది మార్చేసింది, తర్వాత వచ్చినవాళ్ళందరూ దాన్నుంచే అప్పు తెచ్చుకున్నారు. అదే ఏడాది టెరెన్స్ మాలిక్ 'ది థిన్ రెడ్ లైన్' సైనికుల తలల్లోకి వెళ్ళి గడ్డి పరకలనూ పక్షులనూ చూపించింది, ఏడు ఆస్కార్ నామినేషన్లు వచ్చి ఒక్కటీ గెలవలేదు. అది నాకు ఇష్టమైన సినిమానే, ఓపిక కావాలి అంతే. ఇక 2022 జర్మన్ 'ఆల్ క్వయెట్ ఆన్ ది వెస్టర్న్ ఫ్రంట్'లో చచ్చినవాడి యూనిఫాం విప్పి, ఉతికి, చిరుగులు కుట్టి, కొత్తగా చేరిన కుర్రాడికి ఇచ్చే ఆరంభం ఉంది, ఆ ఒక్క సీక్వెన్స్ కోసమైనా చూడొచ్చు. తర్వాతిదంతా ఆ స్థాయిలో లేదు.

ఇప్పుడు 'కమ్ అండ్ సీ'. 1985 సోవియట్ సినిమా, దర్శకుడు ఎలెమ్ క్లిమోవ్. కథ 1943 బెలారస్‌లో, నాజీల ఆక్రమణలో. కలిసి రాసిన అలెస్ అడమోవిచ్ కుర్రతనంలో తానే పార్టిజాన్ (నాజీలతో పోరాడిన గెరిల్లా) దళంలో పోరాడినవాడు. ఫ్ల్యోరా అనే కుర్రాడు దళంలో చేరాలని ఇసుకలో తవ్వి తుపాకీ సంపాదిస్తాడు, మొహం నిండా సంబరం. మామూలు యుద్ధ సినిమాలో ఆ తుపాకీతో వాడు వీరుడవ్వాలి. ఇందులో వాడికి దక్కిందల్లా చూడటం, వినడం, బతికి ఉండటం, అంతే.

అడవిలో బాంబులు పడ్డాక వాడి చెవుల్లో మోత మొదలవుతుంది, ఆ మోత మన చెవుల్లోకీ వస్తుంది, చాలాసేపు మాటలు దూరం నుంచి వినిపించినట్టే ఉంటాయి. తర్వాత వాడు గ్లాషా అనే అమ్మాయితో కలిసి ఇంటికి చేరతాడు. ఊరు నిశ్శబ్దంగా ఉంటుంది. పొయ్యిలో సూప్ ఇంకా వెచ్చగానే ఉంది, ఇద్దరూ కూర్చుని తింటారు. నేల మీద చెల్లెళ్ళ బొమ్మలు పడి ఉన్నాయి, ఈగల మోత ఎక్కువగా ఉంది. అమ్మావాళ్ళు ఎక్కడున్నారో నాకు తెలుసు అంటూ వాడు బయటికి పరుగెడతాడు. వెనకే పరుగెత్తుతున్న గ్లాషా ఒక్కసారి తల తిప్పి చూస్తుంది. ఇంటి వెనక గోడకి ఆనించి గుట్టలా శవాలు. మనకి అవి కనిపించేది కళ్ళు మూసి తెరిచేలోపే, కెమెరా అక్కడ ఆగదు, ఆమెతో పాటు పరుగెడుతూనే ఉంటుంది. చూసింది ఆమె, మనం. వాడికి ఇంకా తెలియదు.

'1917' కెమెరా కూడా పరుగెత్తేదే, కానీ అక్కడ పరుగు తర్వాతి అడ్డంకి కోసం, ఇక్కడ తెలిసిపోయిన నిజం నుంచి పారిపోవడం కోసం. అందం అనే ఆసరా కూడా క్లిమోవ్ మనకి ఇవ్వడు. పాత్రలు పదే పదే నేరుగా లెన్స్‌లోకి చూస్తాయి, అంటే మన కళ్ళలోకి. ఫ్ల్యోరాగా నటించిన అలెక్సీ క్రావ్చెంకో మొహం సినిమా నడిచేకొద్దీ ముడతలు పడి ముసలివాడి మొహం అవుతుంది, కథలో మాత్రం గడిచింది కొద్ది రోజులే. షూటింగ్‌లో కొన్ని చోట్ల నిజం తూటాలే వాడారు, చిన్న కుర్రాడు సెట్‌లో ఉండగా అలా చేయడాన్ని నేను ఎంత గొప్ప సినిమా కోసమైనా సమర్థించను.

ఇది ఒక కుర్రాడి కథ, ఎపిక్ (భారీ యుద్ధ సినిమా) ఎలా అవుతుంది అనేవాళ్ళున్నారు. చివర్లో ఒక గ్రామాన్ని, జనాన్ని కొట్టంలోకి తోసి, నిప్పు పెట్టి, నాజీలు చప్పట్లు కొడుతూ నవ్వుతూ చూసే సీన్ అయ్యాక తెర మీద ఒక అంకె వస్తుంది. బెలారస్‌లో 628 గ్రామాలను మనుషులతో సహా తగలబెట్టారు అని. ఎపిక్ పరిమాణం అంటే ఎక్స్‌ట్రాల సంఖ్యే అనుకుంటే ఇది చిన్న సినిమా. ఒక్క ఊరిలో జరిగింది చూశాక మిగతా 627 ఊళ్ళను మన చేతే ఊహింపజేసిన సినిమాని నేనైతే ఎపిక్ అనే అంటాను. ప్రభుత్వ సెన్సార్లతో ఏళ్ళ తరబడి పోరాడి తీసిన ఈ సినిమా తర్వాత క్లిమోవ్ మరో సినిమా తీయలేదు.

అందుకే నా ఓటు దీనికే, అనుమానం లేదు. డన్‌కర్క్ యుద్ధాన్ని చూపించే తీరును మార్చింది, కమ్ అండ్ సీ చూసేవాడి స్థానాన్నే మార్చింది. మొదటిదాన్ని మళ్ళీ మళ్ళీ చూడొచ్చు, ప్రతిసారీ ఎడిటింగ్‌లో కొత్త ముడి ఒకటి దొరుకుతుంది. రెండోది ఒకసారి చూస్తే చాలాకాలం మళ్ళీ ముట్టుకోలేం.

యుద్ధ సినిమాలు అలవాటు లేనివాళ్ళు '1917'తో మొదలుపెట్టడమే మంచిది, చేయి పట్టుకుని తీసుకెళ్తుంది. డన్‌కర్క్‌ను ఫోన్‌లో చూసి బాగాలేదనకండి, దాని సగం ప్రాణం సౌండ్‌లో ఉంది, ఉన్నంతలో పెద్ద తెర, మంచి స్పీకర్లు చూసుకోండి. కమ్ అండ్ సీ పిల్లలతో వద్దు, పడుకునే ముందు అసలే వద్దు, చూసిన తర్వాత కాసేపు ఎవరితోనైనా మాట్లాడే వీలున్న రోజు చూసుకుని కూర్చోండి.