కోర్టు వెనక సంగటి మెస్: ముద్దకు ఐదుకు నాలుగున్నర మార్కులు, బల్లకు ఐదుకు ఐదు

అనంతపురంలో కోర్టు వెనక వీధిలో, బోర్డు మీద పేరు ఎండకు వెలిసిపోయిన మెస్ ఒకటుంది. అందరూ సంగటి మెస్ అనే అంటారు. దాని పక్కనే నా టైపింగ్ షాపు. అఫిడవిట్లు, వకాల్తాలు, రాజీ పిటిషన్లు, మధ్యలో శ్రీకృష్ణదేవరాయ యూనివర్సిటీ పిల్లల థీసిస్‌లు కొట్టుకుంటూ ఉంటాను. మధ్యాహ్నం తిండి ఆ మెస్‌లోనే.

ముందు తిండి సంగతి. సంగటికి వంక పెట్టలేం. నూకలు మెత్తగా ఉడికాక పిండి పోసి, ఆవిరి పట్టనిచ్చి, తెడ్డుతో గట్టిగా కెలుకుతారు. ఎక్కడా ఉండ తగలదు. చెనిక్కాయల ఊరిబిండి (పచ్చడి) కారంగా, కాస్త పలుకుగా ఉంటుంది, నాకదే ఇష్టం. నాటుకోడి పులుసు బుధ, శుక్రవారాల్లోనే. మిగతా రోజుల్లో నాటుకోడి అని ఎవరన్నా చెబితే నమ్మొద్దు. పుల్లగూర ఆ రోజు దొరికిన ఆకును బట్టి ఉంటుంది. పొద్దున పెట్టే ఉగ్గాని మాత్రం వద్దు. బొరుగులు నానబెట్టి సరిగా పిండకుండానే తాలింపులో వేస్తారు. చేతులు కడుక్కోవడానికి ఒకే కొళాయి, దాని కింద ఎప్పుడూ బురదే.

ఇక్కడ తినేవాళ్లలో సగం మంది వాయిదాలకు వచ్చినవాళ్లు. పల్లెల్లో కొట్లాట కేసంటే ఒకటే ఉండదు, జంటగా వస్తాయి: కేసు, ఎదురు కేసు. ఒకే ఊరి నుంచి రెండు తుఫాన్ బండ్లు దిగుతాయి. ఒక పార్టీ వేపచెట్టు కింద, ఇంకో పార్టీ బండ్ల స్టాండు దగ్గర. ఒకరినొకరు చూడనట్టే ఉంటారు గానీ, అవతల ఎంతమంది వచ్చారో లెక్క మాత్రం తప్పరు. ఒంటిగంటన్నరకు ఇద్దరికీ ఆకలేస్తుంది. దగ్గర్లో సంగటి దొరికేది ఇక్కడే.

లోపల రెండే బల్లలు. గోడ నుంచి గోడ దాకా నల్లబండలు, రెండు పక్కలా బెంచీలు. కుర్చీలు లేవు కాబట్టి మన గుంపంతా ఒక మూలకు చేరడం కుదరదు. ఖాళీ ఉన్నచోట ఇరుక్కోవాలి. అయితే ఈ మెస్‌లో నాకు బాగా నచ్చింది బల్లలు కూడా కాదు, బిళ్లలు.

మెస్ నడిపే ఆమెను నేను వదిన అంటాను. ఇంతకుముందు ఆమె భోజనానికి ఊరి పేరుతో పిలిచేది. ఫలానా ఊరోళ్లు రండి అనగానే రెండు పార్టీలూ లేచేవి. మేం ముందంటే మేం ముందని ఒకసారి సాంబారు బకెట్టే దొర్లింది. తర్వాత ఆమె ప్లాస్టిక్ బిళ్లలు తెచ్చి అంకెలు వేయించింది. డబ్బు కట్టిన వరసలో బిళ్ల. ముప్పై ఏడు అంటే ముప్పై ఏడే, వాడు ఎవరి మనిషైనా సరే. గోడ మీద ఒక్క నాయకుడి ఫొటో లేదు. ఎవరో ఇచ్చిన క్యాలెండరుకు పైన ఫొటో చింపేసి కింద తేదీలు మాత్రం తగిలించింది.

ఆమె ఏ పుస్తకమూ చదివి ఇది చేయలేదు. పుస్తకాల్లో ఏముందో నాకు ఒక పీజీ అమ్మాయి థీసిస్ కొడుతుంటే తెలిసింది. ఇంగ్లండులోని బ్రిస్టల్‌లో హెన్రీ తాజ్‌ఫెల్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త 14–15 ఏళ్ల స్కూలు పిల్లలకు బొమ్మలు చూపించాడు. నీకు క్లే అనే చిత్రకారుడి బొమ్మలు నచ్చాయి, నీకు కాండిన్‌స్కీ అనే ఇంకో చిత్రకారుడివి నచ్చాయి అని రెండు గుంపులు చేశాడు. నిజానికి ఏ లెక్కా లేకుండా చేసిన విభజన అది. తన గుంపులో ఇంకా ఎవరున్నారో కూడా ఏ పిల్లాడికీ తెలియదు. అయినా డబ్బు పంచమంటే తమ గుంపువైపే మొగ్గారు. మొత్తం మీద తమవాళ్లకు వచ్చేది తగ్గినా సరే, అవతలివాళ్ల కంటే పైన ఉంటే చాలనుకున్నారు. 1971లో ఇది అచ్చయింది.

ఆ పేజీ కొట్టిన వారమే నా దగ్గరికి నీళ్ల ట్యాంకు పిటిషన్ వచ్చింది. ఒక ఊరు, రెండు వీధులు. ట్యాంకు ఎక్కడ కట్టాలో తేలలేదు. వకీలు ముందు ఆ ఊరి పెద్దాయన అన్న మాట: “వాళ్ల వీధిలో కట్టేటట్టయితే అసలు మాకొద్దు సార్.” మరి తాగడానికి ఎట్లా అంటే, “ఇప్పుడు తాగుతలేమా? బిందెలతో తెచ్చుకుంటాం” అన్నాడు. బిందెలు మోసేది ఆయన కాదు, ఇంట్లో ఆడవాళ్లు. అది పిటిషన్లో రాయరు.

వడ్డించే కుర్రాడి పేరు కుళ్లాయప్ప. మా జిల్లాలోని గూగూడులో పీరు కుళ్లాయిస్వామికి మొక్కుకుంటే పుట్టాడట. మొహర్రం వస్తే పీర్లకు చక్కెర చదివించే హిందువుల ఇళ్లు మా జిల్లాలో ఎన్నో ఉన్నాయి. బయటివాళ్లకు ఇది చెప్పుకోవడం మాకు గొప్ప. కానీ పీర్ల చావిడి ముందు మతం అడ్డురాని ఊళ్లోనే, ట్యాంకు దగ్గరికొచ్చేసరికి వీధి అడ్డొస్తుంది.

పోయిన ఎండాకాలంలో ఒకరోజు సంగటి సగంలో ఉండగా గ్యాస్ అయిపోయింది. ఆ ట్యాంకు ఊరివాళ్లు రెండు వర్గాలూ బల్లల మీదే ఉన్నారు. సిలిండరు వచ్చేదాకా అందరూ ఒకే పార్టీ, ఎదురు పార్టీ మా వదిన. “ఏమక్కా, వాయిదా టైమైపాయ!” అని అటు నుంచి ఒకడు అంటే, “అడగన్నా గట్టిగా” అని ఇటు నుంచి ఇంకొకడు. తిట్లు అయిపోయాక మాటలు చీనీ (బత్తాయి) కాయల ధర మీదికి, ఎండిపోయిన బోర్ల మీదికి మళ్లాయి.

ఇది చూసి, కలిసి తింటే అన్నీ సర్దుకుంటాయని నేననను. 1954లో అమెరికాలోని ఓక్లహోమాలో ముజఫర్ షెరీఫ్ అనే ఇంకో మనస్తత్వ శాస్త్రవేత్త ఒక వేసవి క్యాంపు పెట్టాడు. పదకొండేళ్ల పిల్లల్ని రెండు జట్లు చేసి పోటీలు పెట్టాక, భోజనాల దగ్గర కలిపితే ఒకరి మీద ఒకరు తిండి విసురుకున్నారు. నీళ్లు ఆగిపోయి కలిసి వెతకాల్సి రావడం, లారీ మొరాయిస్తే కలిసి తాడు కట్టి లాగడం, ఇట్లాంటివి ఒకదాని తర్వాత ఒకటి పడ్డాకే మెత్తబడ్డారు. పైగా ఆ పిల్లలు మూడు వారాల్లో ఎవరిళ్లకు వాళ్లు పోయారు. మావాళ్లు సాయంత్రానికి అదే ఊరికి, అవే రెండు వీధులకు పోవాలి.

హిందూ ముస్లిం గొడవల సంగతి తేల్చడానికి హైదరాబాద్, లక్నోతో సహా ఆరు నగరాలను చూసిన రాజనీతి శాస్త్రవేత్త అశుతోష్ వర్ష్ణే కూడా ఇలాంటిదే చెప్పాడు. నగరాల్లో ఇరుగుపొరుగు పలకరింపులు పెద్ద గొడవలకు నిలబడవు, రెండు మతాలవాళ్లూ కలిసి నడిపే వ్యాపార సంఘాలు, యూనియన్లలాంటివే నిలబడతాయని. మా ఊళ్లలో చీనీ రైతులకు అట్లాంటి గట్టి సంఘం ఒకటుంటే నాకు ఎన్నో ఎదురు కేసులు టైపు చేసే పని తప్పేదని నా అనుమానం. నా బేరం పోయినా పర్లేదు.

రాజీకి కూడా మెస్ చేయగలిగింది కొంచెమే. మామూలు దెబ్బల కేసైతే లోక్ అదాలత్‌లో ముగించుకోవచ్చు. హత్యాయత్నం సెక్షను పడితే అక్కడ రాజీ కుదరదు. పెద్ద సెక్షను పెట్టించామని మీసం తిప్పినవాళ్లే, రెండేళ్ల తర్వాత దిగే దారి లేక ఈ బల్లల దగ్గర తల వంచుకుని తింటూ ఉంటారు.

సోమవారం రద్దీ ఎక్కువ, పన్నెండున్నరకే రండి. ఫోన్‌పే ఉంది గానీ సిగ్నల్ అందదు, చిల్లర తెచ్చుకోండి. వదిన కొడుకు మేడ మీద ఏసీ గది వేస్తానంటున్నాడు, మనిషికి ముప్పై రూపాయలు ఎక్కువట. వేస్తే ముందు బుక్ చేసేది పార్టీ పెద్దలే. పైన ఒక వర్గం, కింద ఇంకో వర్గం, మళ్లీ వేపచెట్టు కథే. గది వేసినా బిళ్లలు మాత్రం పైకీ కిందికీ ఒకటే వరసలో ఇవ్వమని వదినతో అన్నాను. “చూద్దాంలే గానీ, ముందు నీ నెల లెక్క తేల్చు వదినా” అంది.