సీనియారిటీ కేసు ఉన్న టీచర్‌కు ఈ-కోర్ట్స్ యాప్ ఎంతవరకు పనికొస్తుంది?

ప్రమోషన్ల షెడ్యూలు వచ్చిందంటే చాలు, టీచర్ల వాట్సాప్ గ్రూపుల్లో ‘స్టే వచ్చిందట’ మొదలవుతుంది. ఏ కేసులో, ఎవరి మీద, ఏ పోస్టుకు అన్నది ఎవరూ చెప్పరు. ఆ ప్రశ్నకు పైసా ఖర్చు లేకుండా జవాబు ఇచ్చేది కోర్టు కేసుల వివరాలు చూపించే ఈ-కోర్ట్స్ సర్వీసెస్ యాప్. పుకారు నిజమో కాదో తేల్చుకోవడానికి దీన్ని మించింది లేదు. దాంట్లో కనిపించే ఒక్క మాటను చూసి కేసు గెలిచామనో ఓడామనో అనుకుంటే మాత్రం బోల్తా పడతారు.

యాప్‌లో ముందు హైకోర్టు ట్యాబ్‌కు మారాలి. ఉద్యోగుల సర్వీసు కేసులు వినే అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు లేదు కనుక ఆ తగాదాలు రిట్ పిటిషన్లు(డబ్ల్యూపీలు)గా నేరుగా హైకోర్టుకే వెళ్తున్నాయి. తెలంగాణలో ట్రిబ్యునల్ నుంచి బదిలీ అయిన పాత ఓఏలు, అంటే అక్కడ వేసిన అసలు కేసులు, డబ్ల్యూపీ(టీఆర్) రకం కింద ఉంటాయి. వాటిని మామూలు డబ్ల్యూపీల్లో వెతికితే దొరకవు.

కేసు వెతకడానికి అన్నిటికంటే సులువు సీఎన్ఆర్ నంబర్, అంటే ప్రతి కేసుకూ విడిగా ఉండే గుర్తింపు నంబర్. అక్షరాలు, అంకెలు కలిపి మొత్తం 16 ఉంటాయి. ఆంధ్రప్రదేశ్ హైకోర్టుదైతే ఏపీహెచ్‌సీ అని, తెలంగాణదైతే హెచ్‌బీహెచ్‌సీ అని మొదలవుతుంది. వకీలు ఆఫీసు నుంచి ఫీజు రసీదు కంటే ముందు ఈ నంబరు తీసుకోండి. అది లేకపోతే పేరుతో వెతకాలి. కనీసం 3 అక్షరాలు, కేసు వేసిన సంవత్సరం ఇవ్వాలి. చిక్కంతా ఇక్కడే. ఇంటిపేరు ముందా వెనకా, ఇనీషియల్ మధ్య చుక్క ఉందా లేదా, చివర ‘రావు’ ఇంగ్లిష్‌లో ఎలా రాశారు అన్న దాన్నిబట్టి ఫలితం మారిపోతుంది. పూర్తి పేరు కొట్టకుండా మారని ముక్కను మాత్రమే కొట్టండి. యాభై మంది కలిసి వేసిన రిట్ అయితే మొదటి పిటిషనర్ పేరుతో వెతకడమే మేలు.

కేసు దొరికాక చూడాల్సింది స్టేటస్ కాదు, ప్రతివాదుల జాబితా. ప్రభుత్వం, కమిషనర్, డీఈఓ మాత్రమే ఉన్నారా, లేక సీనియారిటీ జాబితాలో పైన ఉన్న టీచర్లను కూడా చేర్చారా? తీర్పు వల్ల నేరుగా నష్టపోయేవాళ్లను, కనీసం వాళ్లలో కొందరినైనా ప్రతినిధులుగా చేర్చకుండా రిట్ తేల్చకూడదని సుప్రీంకోర్టు 1984లో ప్రబోధ్ వర్మ కేసులో చెప్పింది. అది ఉత్తరప్రదేశ్ టీచర్ల కేసే. మీ సీనియారిటీ మీద దెబ్బపడే కేసులో మీ పేరు లేకపోతే మిమ్మల్నీ కేసులో చేర్చమని అడిగే ఇంప్లీడ్ పిటిషన్ వేసుకోవడానికి ఈ పేజీయే ఆధారం.

ఫైలింగ్ తేదీని కూడా తుది సీనియారిటీ జాబితా తేదీతో పోల్చి చూడండి. స్థిరపడిన సీనియారిటీని సవాలు చేయడానికి మూడు నాలుగేళ్లే సహేతుకమైన గడువని శిబా శంకర్ మొహాపాత్ర కేసులో 2010లో సుప్రీంకోర్టు చెప్పింది. ఎప్పుడో ఇచ్చిన జాబితాను ఇప్పుడు తిరగదోడే కేసైతే జాప్యం అన్న అభ్యంతరం ఎదుటివాళ్ల చేతిలో సిద్ధంగా ఉన్నట్టే.

ఇక స్టేటస్‌లో కనిపించే ‘డిస్పోజ్డ్’ (కేసు ముగిసింది) అన్న మాట. ఎక్కువమంది మోసపోయేది దీని దగ్గరే. ‘పిటిషనర్ ఇచ్చిన అర్జీని ఇన్ని వారాల్లో పరిశీలించి ఉత్తర్వులు ఇవ్వండి’ అని కోర్టు అధికారికి చెప్పి పంపేసినా యాప్‌లో డిస్పోజ్డ్ అనే కనిపిస్తుంది. అందులో గెలుపూ లేదు, ఓటమీ లేదు. అధికారి స్పీకింగ్ ఆర్డర్, అంటే కారణాలు రాసిన ఉత్తర్వు ఇస్తారు, చాలాసార్లు పాత మాటే కాస్త పొడుగ్గా. దాని మీద మళ్లీ కొత్త రిట్, కొత్త నంబర్. గడువులోగా ఏ ఉత్తర్వూ ఇవ్వకపోతే సీసీ, అంటే కోర్టు ధిక్కరణ కేసు. సింగిల్ జడ్జి తీర్పు మీద అప్పీలైతే డబ్ల్యూఏ, అంటే రిట్ అప్పీల్. అన్నీ ఒకే తగాదా అయినా వేర్వేరు నంబర్లతో నడుస్తాయి. కాబట్టి ప్రతి నంబరునూ యాప్‌లోని ‘మై కేసెస్’లో విడిగా వేసుకోవాలి. ఆ జాబితా మీ ఫోన్‌లోనే ఉంటుంది. ఫోన్ మార్చే ముందు ఎక్స్‌పోర్ట్ చేసుకోకపోతే అంతా పోతుంది.

మధ్యంతర ఉత్తర్వు పీడీఎఫ్ కనిపిస్తే తప్పకుండా చివరి పేరా దాకా చదవండి. ప్రమోషన్లు ఆపమనడం వేరు, ‘రిట్ తుది తీర్పుకు లోబడి’ ఇవ్వొచ్చనడం వేరు. గ్రూపుల్లో రెండిటికీ స్టే అనే పేరు. మీ ప్రమోషన్ ప్రొసీడింగ్స్‌లో ‘తుది తీర్పుకు లోబడి’ అన్న వాక్యం, దాని పక్కన డబ్ల్యూపీ నంబర్ ఉంటే అదే రోజు ఆ నంబరును యాప్‌లో చేర్చుకోండి. ఆ కేసులో పిటిషనర్ గెలిస్తే మీరు రివర్షన్‌కు, అంటే పాత పోస్టుకు తిరిగి వెళ్లడానికి సిద్ధపడాల్సి రావచ్చు.

తేదీల విషయంలో యాప్‌కు నా మార్కులు తక్కువే. హైకోర్టు కేసుల్లో తర్వాతి వాయిదా గడి చాలాసార్లు ఖాళీగా ఉంటుంది. దాన్ని నమ్ముకోకుండా హైకోర్టు వెబ్‌సైట్‌లో కాజ్ లిస్టు (ఆ రోజు విచారణకు వచ్చే కేసుల జాబితా), సప్లిమెంటరీ లిస్టు రెండూ చూడాలి. రేపు కౌన్సెలింగ్ అనగా ఈ రోజు మధ్యాహ్నం అత్యవసరంగా వేసే లంచ్ మోషన్ల గురించి ఏ యాప్ కూడా ముందుగా చెప్పలేదు.

మీలాంటి వివాదంలో పాత తీర్పులు కావాలంటే యాప్ కాదు, ఈ-కోర్ట్స్ వాళ్లదే జడ్జిమెంట్ సెర్చ్ పోర్టల్ వాడాలి. ‘సీనియారిటీ’ అని ఒక్క మాట కొడితే దేశంలోని తగాదాలన్నీ వచ్చి పడతాయి. హైకోర్టును ఎంచుకుని, 1996 స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్‌లో సీనియారిటీ గురించి చెప్పే రూల్ 33 అని, స్కూల్ అసిస్టెంట్ అని ఇంగ్లిష్‌లో కలిపి కొట్టండి.

సుప్రీంకోర్టు కేసులు ఈ యాప్‌లో రావు. ప్రమోషన్‌కు టెట్ (టీచర్ అర్హత పరీక్ష) ఉండాల్సిందేనన్న 2025 సెప్టెంబర్ 1 నాటి సుప్రీంకోర్టు తీర్పు ఎంతోమంది ప్రమోషన్ ప్యానెల్‌ను తలకిందులు చేసేదే. సర్వీసు 5 ఏళ్ల లోపే మిగిలినవాళ్లు టెట్ లేకుండా ఉద్యోగంలో కొనసాగవచ్చు గానీ, వాళ్లకు కూడా ప్రమోషన్ మాత్రం లేదని అందులో ఉంది. అలాంటి కేసులకు సుప్రీంకోర్టు సొంత వెబ్‌సైట్‌లో డైరీ నంబర్‌తో వెతుక్కోవాలి.